కొంగ బొమ్మ స్క్వాడ్రన్ వీరుడు జార్జ్ గిన్మేర్



ఈసారి మీకు పరిచయం చేస్తున్న మనిషి 22 ఏళ్ళకే చనిపోయాడు. ఒంట్లో బలం లేదు, సైన్యానికి పనికిరాడు అని డాక్టర్లు వెనక్కి పంపేసిన కుర్రాడు అతను. మూడేళ్ళు తిరక్కుండానే ఫ్రాన్సు దేశమంతా అతని పేరు మారుమోగింది. ఇవాళ్టికీ ఫ్రాన్సులో చాలా ఊళ్ళలో అతని పేరుతో వీధులున్నాయి. అతనే జార్జ్ గిన్మేర్. మొదటి ప్రపంచ యుద్ధంలో ఫ్రెంచి వాళ్ళ యుద్ధ విమానాల తొలి స్క్వాడ్రన్లలో ఒకదానికి వన్నె తెచ్చిన పైలట్.

ఫ్రాన్సు సంగతులు మనకెందుకు అంటారేమో. యానాంలో ఉన్నవాళ్ళు మాత్రం అలా అనరు. 1954 దాకా యానాం ఫ్రెంచి పాలనలోనే ఉంది. మొదటి ప్రపంచ యుద్ధంలో చనిపోయిన ఫ్రెంచి ఇండియా సైనికుల గుర్తుగా కట్టిన స్మారకం పుదుచ్చేరి సముద్రపు ఒడ్డున ఇప్పటికీ ఉంది. అటువైపు వెళ్ళినప్పుడు మీరూ చూసే ఉంటారు. ఆ యుద్ధంలోనే ఆకాశంలో జరిగిన కథ ఇది.

బలహీనంగా పెరిగిన పిల్లవాడు

గిన్మేర్ 1894 డిసెంబరు 24న పారిస్‌లో పుట్టాడు. ఇద్దరు అక్కల తరవాత పుట్టిన ఒక్కగానొక్క మగపిల్లాడు. తండ్రి ఒకప్పుడు సైన్యంలో అధికారిగా పనిచేసిన మనిషి. ఆ కుటుంబం పారిస్‌కు ఉత్తరాన ఉన్న కొంపియేన్ అనే ఊళ్ళో స్థిరపడింది.

చిన్నప్పటి నుంచీ జార్జ్‌కి ఆరోగ్యం అంతంత మాత్రం. పేగుల జబ్బుతో తరచూ మంచం పట్టేవాడు. అందుకని కొంతకాలం ఇంట్లోనే చదువు చెప్పించారు. పెద్దయ్యాక పారిస్‌లో స్తానిస్లాస్ అనే పేరున్న స్కూల్లో చేరాడు. సన్నగా, పాలిపోయినట్టు ఉండేవాడు గానీ చురుకుదనానికి లోటు లేదు. యంత్రాలంటే చెప్పలేనంత మోజు. ఇంజనీరింగ్‌కి పేరుపడ్డ పాలిటెక్నిక్ విద్యాలయంలో చేరాలని చదువుతూ ఉంటే అక్కడా ఆరోగ్యమే అడ్డొచ్చింది.

1914 ఆగస్టులో యుద్ధం వచ్చింది. అతని ఈడు కుర్రాళ్ళంతా సైన్యంలో చేరుతున్నారు. జార్జ్ కూడా వెళ్ళాడు. డాక్టర్లు చూసి, ఈ ఒంటితో సిపాయి పని కుదరదని తేల్చేశారు. మళ్ళీ ప్రయత్నించాడు. మళ్ళీ అదే జవాబు.

ఇక్కడ ఒక్క క్షణం ఆగండి. పరీక్షలోనో, ఆటల జట్టు ఎంపికలోనో పేరు రాకపోతే ఎలా ఉంటుందో మీకు తెలుసు. జార్జ్‌ది అంతకన్నా పెద్ద దెబ్బ. స్నేహితులంతా సరిహద్దుకు వెళ్ళిపోతుంటే తను ఇంట్లో కూర్చోవాలి.

మెకానిక్‌గా చేరిక

అప్పుడు ఆ కుటుంబం ఫ్రాన్సుకు నైరుతి మూల సముద్రం ఒడ్డున, బియారిట్జ్ దగ్గర ఉంది. ఒకరోజు అక్కడి ఇసుకలో ఒక విమానం దిగింది. జార్జ్ పరుగున వెళ్ళి పైలట్‌ని మాటల్లో పెట్టాడు. విమాన దళంలో చేరడం ఎలా అని ఆరా తీశాడు. పో అనే ఊళ్ళో విమాన శిక్షణ కేంద్రం ఉందని తెలిసి నేరుగా అక్కడికే వెళ్ళాడు.

అక్కడి అధికారి కెప్టెన్ బెర్నార్ తియెరీ. పైలట్‌గా చేర్చుకోవడం తన చేతుల్లో లేకపోయినా మెకానిక్ పని నేర్చుకునేవాడిగా తీసుకునే వీలు ఆయనకి ఉంది. అలా 1914 నవంబరులో, 20 ఏళ్ళు నిండడానికి నెల రోజుల ముందు, గిన్మేర్ విమానాల షెడ్డులో అడుగుపెట్టాడు.

అక్కడ చేసిందేమిటంటే ఇంజన్లు తుడవడం, నూనె పొయ్యడం, సామాన్లు మొయ్యడం, పెద్ద మెకానిక్‌లు చెప్పిన పనల్లా చెయ్యడం. ఆ రోజుల్లో చాలా విమానాలకి ఇంజను మొత్తం గిర్రున తిరిగే రకం ఉండేది. వాటిలో పోసేది ఏమిటో తెలుసా? ఆముదం! మన అమ్మమ్మలు తలకి రాసిన ఆముదమే. షెడ్డుల్లో పనిచేసే వాళ్ళ బట్టలకీ చేతులకీ ఆ వాసన వదిలేది కాదు. కలిగిన ఇంట్లో పుట్టిన గిన్మేర్ ఆ జిడ్డు పనంతా ఓపిగ్గా చేశాడు. ఇంజను ఎందుకు ఆగిపోతుంది, తీగ ఎక్కడ తెగుతుంది, తుపాకీ ఎందుకు మొరాయిస్తుంది అన్నది పుస్తకంలో కాకుండా చేతులతో తెలుసుకున్నాడు.

1915 తొలి నెలల్లో పైలట్ శిక్షణకి అవకాశం దొరికింది. ఏప్రిల్‌లో పైలట్‌గా పాసయ్యాడు. జూన్‌లో 3వ నంబరు స్క్వాడ్రన్‌కి పంపారు. స్క్వాడ్రన్‌ని ఫ్రెంచిలో ఎస్కాడ్రిల్ అంటారు.

3వ నంబరు స్క్వాడ్రన్

ఈ స్క్వాడ్రన్ 1912లో, అంటే యుద్ధానికి రెండేళ్ళ ముందే మొదలైంది. అప్పట్లో వీళ్ళ దగ్గర ఉన్నవి బ్లేరియో విమానాలు. వాటి పని యుద్ధం చెయ్యడం కాదు, పైనుంచి చూసి రావడం. శత్రువు సైన్యం ఎటు కదులుతోంది, ఫిరంగులు ఎక్కడున్నాయి అని చూసి చెప్పాలి. అవతలి వాళ్ళ విమానాలూ అదే పని చేసేవి. వాటిని అడ్డుకోవాలన్న ఆలోచనలోంచే యుద్ధ విమానం పుట్టింది.

ఫ్రెంచి వాళ్ళ పద్ధతిలో స్క్వాడ్రన్ నంబరు ముందు విమానం రకాన్ని తెలిపే అక్షరాలు పెట్టేవారు. బ్లేరియోలు ఉన్నప్పుడు బిఎల్ 3. మొరాన్ సోల్నియే విమానాలు వచ్చాక ఎంఎస్ 3. న్యూపోర్ విమానాలతో ఎన్ 3. చివరికి స్పాడ్ విమానాలతో ఎస్‌పిఎ 3. మనుషులు వాళ్ళే, నంబరు అదే, అక్షరాలే మారుతూ వచ్చాయి. నాలుగైదేళ్ళలో విమానాలు ఎంత వేగంగా మారిపోయాయో ఆ పేర్లు చూస్తేనే తెలిసిపోతుంది.

గిన్మేర్ చేరేటప్పటికి అక్కడి నాయకుడు కెప్టెన్ ఆంతొనిన్ బ్రొకార్. ఆయన క్రమశిక్షణకి పెట్టింది పేరు. ఈ బక్కపల్చని కుర్రాణ్ణి చూసి మొదట్లో ఎవరికీ పెద్దగా నమ్మకం కలగలేదు. యుద్ధానికి ముందే పేరు తెచ్చుకున్న పైలట్ జూల్ వెద్రీన్ అప్పుడు అదే స్క్వాడ్రన్‌లో ఉన్నాడు. ఆయన అతన్ని చేరదీసి మెళకువలు నేర్పాడు.

1915 జూలై 19న గిన్మేర్ తన తొలి జర్మన్ విమానాన్ని కూల్చాడు. అది ఇద్దరు కూర్చునే విమానం. వెనక కూర్చుని తుపాకీ పేల్చింది గెర్డర్ అనే మెకానిక్. రెండు రోజుల తరవాత ఇద్దరికీ ఒకే సైనిక పతకం ఇచ్చారు. పైలట్‌తో సమానంగా మెకానిక్‌కి కూడా అదే గౌరవం దక్కిందన్నది గమనించండి.

ఆ విమానం మీద అంతకుముందు నడిపిన పైలట్ రాయించిన పేరు ఒకటి ఉంది. వియూ షార్ల్, అంటే ముసలి షార్ల్ అని అర్థం. గిన్మేర్ ఆ పేరు చెరపలేదు. తరవాత తను నడిపిన విమానాల మీద కూడా అదే రాయించుకున్నాడు.

1915 డిసెంబరు 24న, సరిగ్గా 21వ పుట్టినరోజున, ఫ్రాన్సులో పెద్ద గౌరవమైన లెజియన్ దొనర్ అతనికి దక్కింది.

కొంగ ఎందుకు?

1916లో ఈ స్క్వాడ్రన్ విమానాల మీద ఎగిరే కొంగ బొమ్మ కనబడసాగింది. అంత భయంకరమైన యుద్ధంలో పులో, సింహమో కాకుండా కొంగ ఎందుకు? ఫ్రాన్సు తూర్పున ఆల్సాస్ అనే ప్రాంతం ఉంది. అక్కడ తెల్ల కొంగలు ఇళ్ళ కప్పుల మీద, పొగగొట్టాల మీద గూళ్ళు కడతాయి. చలికాలం రాగానే దూరదేశాలకి వలసపోయి మళ్ళీ అదే గూటికి తిరిగొస్తాయి. 1871లో ఆ ఆల్సాస్‌ని ఫ్రాన్సు జర్మనీకి కోల్పోయింది. పోయిన నేల మళ్ళీ మనదవుతుంది అనే ఆశకి ఆ కొంగ గుర్తు.

1916 చివర్లో 3వ నంబరుతో పాటు మరికొన్ని స్క్వాడ్రన్లను కలిపి ఒక పెద్ద దళం చేసి దాన్ని బ్రొకార్ చేతికిచ్చారు. దళమంతటికీ గుర్తు కొంగే. కాకపోతే ఒక్కో స్క్వాడ్రన్ కొంగకి రెక్కలు ఒక్కో భంగిమలో ఉండేవి. తరవాత 75 విజయాలతో అందర్నీ మించిపోయిన రెనే ఫాంక్ కూడా ఈ దళంలోని 103వ నంబరు స్క్వాడ్రన్ వాడే.

పడ్డాడు, లేచాడు

గిన్మేర్ కథని గెలుపుల పట్టికలా చెబితే అబద్ధం చెప్పినట్టే. అతను చాలాసార్లు పడ్డాడు.

1916 మార్చిలో ఘోరమైన వెర్దన్ పోరు మొదలయ్యాక అక్కడికి వెళ్ళిన వెంటనే ముఖానికీ చేతికీ గాయాలయ్యాయి. కొన్ని వారాలు ఆసుపత్రి పాలయ్యాడు. తిరిగొచ్చాక తనలో బెదురు చేరిందేమో అని అతనికి అనుమానం వచ్చింది. అందుకని ఒక జర్మన్ విమానం ముందుకి కావాలని వెళ్ళి, తను ఒక్క గుండూ పేల్చకుండా, వాళ్ళ గుళ్ళ నుంచి తప్పుకుంటూ తన ధైర్యాన్ని తనే పరీక్షించుకున్నాడట. పిల్లలూ, ఇది మీరు అనుసరించాల్సిన పని కాదు. భయం అతనికీ ఉండేదని, దాన్ని దాచిపెట్టకుండా ఎదురుగా చూశాడని తెలియడానికే చెబుతున్నాను.

ఆ ఏడాది సెప్టెంబరు 23న మరో గండం. సోమ్ రంగంలో ఆ రోజు జర్మన్ విమానాలను వరసగా కూల్చి తిరిగి వస్తుంటే, పొరపాటున సొంత ఫ్రెంచి ఫిరంగి గుండే అతని విమానానికి తగిలింది. దాదాపు మూడు వేల మీటర్ల ఎత్తు నుంచి విమానం కిందికి పడిపోసాగింది. ఆ రోజుల్లో ఫ్రెంచి యుద్ధ పైలట్ల దగ్గర పారాచూట్లు లేవు. ఎలాగో కాస్త అదుపులోకి తెచ్చుకుని నేలకి గుద్దుకున్నాడు. విమానం నుజ్జయింది గానీ అతను మాత్రం బతికి బయటపడ్డాడు. స్పాడ్ విమానం గట్టితనం వల్లే ఆ రోజు ప్రాణం దక్కింది.

ఇంజనీర్లతో పనిచేసిన పైలట్

గిన్మేర్‌లో ఎక్కువమందికి తెలియని కోణం ఇది. పో ఊరి షెడ్డులో నేర్చుకున్నది ఊరికే పోలేదు. తన విమానాన్నీ, తుపాకీనీ ఎగిరే ముందు తనే స్వయంగా పరీక్షించుకునేవాడు. స్పాడ్ 7 రకం విమానం బాగుంది గానీ జర్మన్ల కొత్త విమానాల ముందు దాని శక్తి చాలడం లేదని 1916 చివర్లో దాని రూపకర్త లూయీ బెషెరోకి ఉత్తరం రాశాడు. ఇంజను తయారుచేసే హిస్పానో సూయిజా వాళ్ళు తరవాత దానికి 180 హార్స్‌పవర్ ఇంజను అందించారు.

అక్కడితో ఆగలేదు. విమానానికి చిన్న ఫిరంగి బిగించాలని అతని ఆలోచన. బెషెరో, హిస్పానో సూయిజా ఇంజనీరు మార్క్ బిర్కిగ్ట్ కలిసి దాన్ని సాధించారు. అదే స్పాడ్ 12. అందులో 37 మిల్లీమీటర్ల ఫిరంగి ఉంటుంది. గుండు ప్రొపెల్లర్ మధ్య ఉన్న బోలు ఇరుసులోంచి దూసుకు వస్తుంది. అంటే తిరిగే రెక్కలకి తగలదు. తెలివైన ఏర్పాటే గానీ ఇబ్బందులూ ఉన్నాయి. ఒక్కసారి పేల్చాక మళ్ళీ చేత్తో గుండు పెట్టుకోవాలి. పేల్చినప్పుడల్లా పొగ కాక్‌పిట్ నిండా కమ్ముకునేది. అలాంటి దాన్ని కూడా నడిపి చూపించాడు. 1917 జూలై చివర్లో 50వ విజయం ఆ విమానంతోనే వచ్చింది. అంతకుముందు ఫ్రెంచి పైలట్ ఎవరూ ఆ సంఖ్యకి చేరలేదు.

అదే ఏడాది ఫిబ్రవరిలో అతను కెప్టెన్ అయ్యాడు. రెండున్నరేళ్ళ కిందట సిపాయిగా కూడా పనికిరాడన్న కుర్రాడే!

సంఖ్య వెనక మనుషులు

చివరికి గిన్మేర్ పేరు మీద 53 విజయాలు నమోదయ్యాయి. పిల్లలకి ఇలాంటి సంఖ్యలు చెప్పేటప్పుడు పెద్దలు ఒక మాట కలిపి చెప్పాలి. ఇవి క్రికెట్ పరుగులు కావు. ఆ కూలిన విమానాల్లో ఇరవై, ఇరవై అయిదేళ్ళ కుర్రాళ్ళు ఉన్నారు. వాళ్ళకీ ఇళ్ళున్నాయి, ఎదురుచూసే తల్లులున్నారు.

1917 మే 25నే చూడండి. ఆ ఒక్క రోజే గిన్మేర్ నాలుగు విమానాలు కూల్చాడు. పత్రికలు ఆకాశానికెత్తేశాయి. కానీ అదే రోజు అతని స్క్వాడ్రన్‌లో అందరూ ప్రేమించే రెనే దోర్మ్ ఎగిరి వెళ్ళి తిరిగి రాలేదు. ఒకే సాయంత్రం, ఒకే మైదానంలో పండగా, చావూ కలిసే వచ్చాయి. కొద్ది రోజుల ముందే వాళ్ళ స్క్వాడ్రన్ నాయకుడు ఆల్ఫ్రెడ్ ఎర్తో కూడా గాయపడ్డాడు. గూటికి తిరిగొచ్చే కొంగలు ఒక్కొక్కటే తగ్గిపోతూ వచ్చాయి.

ఇంకో సంగతి. జర్మన్ పైలట్ ఎర్నెస్ట్ ఉడెట్ తరవాత తన జ్ఞాపకాల్లో ఒక ముచ్చట రాసుకున్నాడు. గిన్మేర్‌తో ఒంటరిగా తలపడుతుండగా ఉడెట్ తుపాకీ మొరాయించిందట. అది గమనించిన గిన్మేర్ చెయ్యి ఊపి, కాల్చకుండా వెళ్ళిపోయాడట. గిన్మేర్ తుపాకీ కూడా మొరాయించి ఉంటుందిలే అనేవాళ్ళూ ఉన్నారు. కానీ తన ప్రాణం నిలిచింది శత్రువు దయవల్లేనని ఉడెట్ నమ్మాడు.

చివరి ఉదయం

1917 వేసవి చివరికి గిన్మేర్ బాగా నలిగిపోయాడు. ఆరోగ్యం దెబ్బతింది, నిద్ర తగ్గింది, చిరాకు పెరిగింది. ఇక చాలు, కొత్త పైలట్లకి పాఠాలు చెప్పు అని తండ్రి బతిమాలాడు. పతకాలన్నీ అందుకున్నాక పోరు మానేశాడని నలుగురూ అంటారేమోనన్న భయం అతన్ని ఆగనివ్వలేదు.

అప్పుడు కొంగల దళం బెల్జియం సరిహద్దులో, డంకర్క్ పక్కనే ఉంది. సెప్టెంబరు 10న ఒకదాని తరవాత ఒకటి మూడు విమానాలు మొరాయించాయి. మర్నాడు 11వ తేదీ పొద్దున మంచు పట్టి ఉంది. ఎనిమిదిన్నర ప్రాంతంలో, బొజోన్ వెర్ద్యురా అనే సహచరుడితో కలిసి గిన్మేర్ బయల్దేరాడు. అతనికి విశ్రాంతి ఇప్పించాలని బ్రొకార్ ఆ ఉదయమే పారిస్ నుంచి వస్తున్నాడు. ఆయన చేరేసరికి గిన్మేర్ ఆకాశంలో ఉన్నాడు.

పూల్‌కపెల్లే అనే బెల్జియం ఊరి మీద ఒక జర్మన్ విమానం కనబడింది. గిన్మేర్ దాని మీదికి దూకాడు. దూరంగా మరికొన్ని శత్రు విమానాలు రావడం చూసి, వాటిని పక్కకి మళ్ళించడానికి బొజోన్ అటు వెళ్ళాడు. తిరిగి వచ్చి చూస్తే గిన్మేర్ లేడు. చుట్టూ వెతికాడు, చమురు అయిపోయేదాకా ఎదురుచూశాడు. చివరికి ఒక్కడే మైదానానికి తిరిగొచ్చాడు.

తలలో గుండు తగిలి చనిపోయాడని తరవాత జర్మన్లు తెలిపారు. కానీ ఆ నేలంతా రెండు వైపుల ఫిరంగులతో దున్నేసినట్టయింది. గిన్మేర్ దేహం గానీ విమానం గానీ దొరకలేదు. అతన్ని కూల్చింది కుర్ట్ విస్సెమాన్ అనే పైలట్ అని జర్మన్లు ప్రకటించారు. పదిహేడు రోజుల తరవాత ఆ విస్సెమాన్ కూడా గాలిలో చనిపోయాడు.

పిల్లలకి చెప్పిన కథ

ఆనాడు ఫ్రాన్సు బడిపిల్లల్లో ఒక కథ పుట్టింది. గిన్మేర్ చనిపోలేదు, దిగిరావడానికి వీల్లేనంత ఎత్తుకి ఎగిరిపోయాడు అని. సమాధి కూడా లేని మనిషి గురించి పసివాళ్ళకి ఇంకేం చెబుతారు? ఆ కథలో ఓదార్పు ఉంది. కానీ నిజమూ చెప్పాలి. అలసిపోయిన 22 ఏళ్ళ కుర్రాడు, ఆగమన్నా ఆగలేక, ఒక పొగమంచు ఉదయాన చనిపోయాడు.

గుర్తులు మాత్రం చాలా మిగిలాయి. మహనీయుల స్మారకమైన పారిస్ పాంథియన్‌లో అతని పేరు చెక్కించారు. అతను నడిపిన ఒక స్పాడ్ 7 విమానం పారిస్ దగ్గర లె బుర్జె విమాన మ్యూజియంలో ఉంది. పూల్‌కపెల్లేలో 1923లో స్తంభం నిలిపారు. దాని పైన ఎగిరే కొంగ. హిస్పానో సూయిజా కార్ల ముందు భాగంలో కూడా ఆ కొంగనే పెట్టారు. ఏటా సెప్టెంబరు 11న ఫ్రెంచి వాయుసేన అతన్ని తలుచుకుంటుంది. నేటి ఫ్రెంచి మిరాజ్ యుద్ధ విమానాల దళం ఒకటి అదే కొంగ గుర్తుని మోస్తోంది.

పిల్లలూ, గిన్మేర్ నుంచి మీరు తీసుకోవాల్సింది తుపాకీ కాదు. ముందు తలుపు మూసుకున్నప్పుడు అతను నామోషీ పడకుండా మెకానిక్ షెడ్డులోకి వెళ్ళాడు. అందరూ చిన్నచూపు చూసే పనిని శ్రద్ధగా నేర్చుకున్నాడు. ఆ నేర్పే అతన్ని మిగతా పైలట్లకన్నా ముందు నిలబెట్టింది. పెద్దలకి మరో మాట. పిల్లలు బాగా చేస్తున్నారని ఇంకా ఇంకా తోస్తుంటాం. ఎప్పుడు ఆగాలో చెప్పేవాళ్ళు కూడా వాళ్ళకి ఉండాలి. గిన్మేర్‌కి చెప్పినవాళ్ళు ఉన్నారు. కానీ ఆగితే తప్పేమీ లేదని అతను నమ్మలేకపోయాడు.

ఇంట్లో కూర్చుని వీటి గురించి మాట్లాడుకోండి:

1. గిన్మేర్ మెకానిక్ పని నేర్చుకోకపోయి ఉంటే అతని కథ ఎలా ఉండేది?

2. 3వ నంబరు స్క్వాడ్రన్ పేరులో అక్షరాలు ఎన్నిసార్లు మారాయి? ఎందుకు?

3. మీ బడికో, మీ ఊరికో ఒక పక్షి బొమ్మని గుర్తుగా పెట్టాలంటే ఏది పెడతారు? ఎందుకు?